డబ్బాలమ్మ ఎర్ర సిరా

ప్రెస్సులో అందరూ ఆవిణ్ణి డబ్బాలమ్మ అంటారు. మొహానే అంటారు, ఆవిడకీ కోపం రాదు. ఇరవై రెండేళ్ళుగా పాత ఇంగ్లీషు వీధి మాటల్నీ, ఉన్నదున్నట్టు చెప్పలేక ముసుగేసిన మాటల్నీ అట్టముక్కల మీద రాసి బిస్కెట్ డబ్బాల్లో దాచింది. ఏ, బీ, సీ వరసలో కాదు, ఆ మాట దేన్ని దాస్తోందో ఆ వరసలో. తాగుడు ఒక డబ్బా, జైలు ఒకటి, ఉద్యోగం ఊడటం ఒకటి. చావు డబ్బాకి మూత పట్టక తాడేసి కట్టింది.

ప్రతి ముక్కకీ ఒకటే పద్ధతి. పైన ఇంగ్లీషు మాట, కింద ఎర్ర సిరాతో పచ్చి నిజం, ఆ తర్వాతే కథాకమామీషు. 'కిక్ ద బకెట్' కింద 'చచ్చిపోవడం'. 'త్రీ షీట్స్ ఇన్ ద విండ్' కింద 'తప్పతాగడం'. తెరచాప తాళ్ళు వదులైతే ఓడ తూలుతుందని ఆ తర్వాత వివరం. 'స్పెండ్ ఎ పెన్నీ' అంటే, ఒకప్పుడు ఇంగ్లండులో పెన్నీ బిళ్ళ వేస్తేగానీ ఊరుమ్మడి మరుగుదొడ్డి తలుపు తెరుచుకునేది కాదట. దాని కింద ఎర్ర సిరాతో ఏం రాసిందో నేను చెప్పను గానీ, ఆవిడ మాత్రం రాసింది.

ఈ మొండితనం ఊరికే రాలేదు. ఆరేళ్ళప్పుడు వాళ్ళమ్మ చచ్చిపోయింది. "అమ్మ ఊరెళ్ళింది" అన్నారు పెద్దవాళ్ళు. పిచ్చిపిల్ల నమ్మింది. ఏడాదిపాటు సాయంత్రమయ్యేసరికి తల దువ్వించుకుని గుమ్మంలో కూర్చునేది. చివరికి పక్కింటి పిల్ల ఆటలో తగవొచ్చి అసలు సంగతి అనేసింది. ఆ ఏడాదికి ఆవిడ ఇప్పటికీ ఎవర్నీ క్షమించలేదు.

ప్రెస్ మరిదిది. ఆ డబ్బాల్లోని ముక్కలన్నీ అందులోనే పుస్తకంగా అచ్చు కాబోతున్నాయి. ప్రూఫులు మూడుసార్లు దిద్దడం అయింది, కాగితం వచ్చి పడింది. పదహారేసి పేజీల ఫారాల్లో ఒక్క ఆఖరిదానికి తప్ప అన్నిటికీ అచ్చు ప్లేట్లు తయారు. ఆఖరి పేజీలో ప్రెస్సు తరపున యజమాని రెండు మాటలు రాయడం అక్కడి ఆనవాయితీ, అదొక్కటే బాకీ. అలాంటప్పుడు, ఓ మంగళవారం పొద్దున్నే మరిది వెనక గదిలోకి వచ్చి స్టూలు అంచున కూర్చున్నాడు.

"వదినా, పుస్తకానికి కొంచెం విశ్రాంతి ఇద్దామా?"

ఆవిడ కళ్ళజోడు సర్దుకుని డబ్బా తీసింది. "పుట్ అవుట్ టు గ్రాస్. ముసలి గుర్రాన్ని పని మాన్పించి మేతకి తోలెయ్యడం. ఊఁ, ఇంకా?"

"అబ్బే, అది కాదు. ప్రస్తుతానికి పక్కన పెడితే, ముందు ముందు వీలు చూసుకుని..."

"ఇన్ మాత్‌బాల్స్. కలరా ఉండలేసి పెట్టెలో పడెయ్యడం. తాతకి దగ్గులు నేర్పకు నాయనా. ఇరవై రెండేళ్ళు ఇదే కదా నా పని! నీళ్ళు నమలకుండా ఎర్ర సిరా మాట చెప్పు."

పైకి అలా గదమాయించింది గానీ, ఏం వినాల్సొస్తుందోనని లోపల భయమే. ఆవిడకి అరవై ఎనిమిదేళ్ళు. ఈ వరసలో, ఈ పచ్చి మాటలతో అచ్చేసే ప్రెస్ మరోటి లేదు. నాలుగుచోట్ల అడిగి చూసింది కూడా. ఇది పోతే ఇక డబ్బాలే మిగులుతాయి.

మరిది తల వంచుకున్నాడు. "మిషన్ అమ్మేశాను వదినా. ప్రెస్ మూసేస్తున్నా."

"ఎప్పుడు పట్టుకెళ్తారు?"

"శుక్రవారం పొద్దున."

"పనివాళ్ళకి?"

"సర్వీసింగుకి పంపుతున్నానని చెప్పాను."

"ఓరి నీ మెత్తదనం మండ!" డబ్బాలమ్మ దిగ్గున లేచింది. "ఇవాళ మంగళవారం. ఉన్నవి పదిహేను ఫారాలు. గట్టిగా కూర్చుంటే మూడు రోజుల పని. నువ్వు విశ్రాంతి అనేసి వెళ్ళిపోయుంటే ఈ మూడు రోజులూ నేను మళ్ళీ గుమ్మంలో కూర్చునేదాన్ని. పద, ముందు వాళ్ళకి చెప్పు."

చెప్పాడు. మిషన్ నడిపే ఆయన గుడ్డతో చేతులు తుడుచుకుంటూ, "నెల ముందు చెప్పుంటే ఇంకో చోట పని అడిగేవాణ్ణి కదండీ" అన్నాడు. బైండింగ్ చేసే ఆవిడ కాగితం బేళ్ళ మీది గోనెపట్టా లాగేసింది. మరిది చొక్కా చేతులు మడుచుకున్నాడు. "ఇవాళే నాలుగుచోట్లకి ఫోన్లు చేస్తాను, మీ ఇద్దరికీ పని చూసే బాధ్యత నాది."

"సరే. ఏ డబ్బా ముందు, డబ్బాలమ్మా?" అన్నాడు మిషనాయన.

"చావు. బరువైన మూట ముందు దింపుకుందాం."

మూడు రోజులు మిషన్ గడగడలాడుతూనే ఉంది. డబ్బాలమ్మ ప్రతి ఫారం మొదటి కాగితాన్ని వెలుతురుకి పట్టి చూసింది. ఆవిడ సరేనంటేనే రెండోది. బుధవారం సాయంత్రానికి మిషనాయనకి ఇంకోచోట పని కుదిరింది, గురువారం మధ్యాహ్నానికి బైండింగావిడకీ కుదిరింది. ఇద్దరూ శనివారం నుంచి కొత్త చోట చేరతామన్నారు.

గురువారం సాయంత్రం మరిది తన రెండు మాటలూ రాసి తెచ్చాడు. ఈయన అలవాటు తెలిసిందే కదా, మళ్ళీ విశ్రాంతో వీడ్కోలో రాసుంటాడని ఆవిడ ముందే ఎర్ర కలం మూత తీసి పట్టుకుంది.

'ఈ ప్రెస్ మూతపడింది. మూసింది నేనే. ఇక్కడ అచ్చయిన ఆఖరి పుస్తకం ఇది.'

రెండుసార్లు చదివింది. కలానికి మూత పెట్టేసింది.

"కంట్లో నలకేమైనా పడిందా వదినా?" అన్నాడు మరిది.

"లేదు. ఏడుస్తున్నాను" అంది డబ్బాలమ్మ.