దాలమ్మ ఇంట్లో పరిశోధన పత్రం

నేను ఒక పరిశోధన పత్రాన్ని. నన్ను రాసినవాళ్లది ఎక్కడో పట్నం. నేను పుట్టింది మాత్రం జీడితోటల మధ్యనున్న ఈ ఊళ్లోనే. తెల్లకోట్లవాళ్లు బడి అరుగు మీద కూర్చుని, వరసలో నిలబడ్డవాళ్ల రక్తం తీసుకున్నారు. బోర్ల నీళ్లు సీసాల్లో పట్టుకున్నారు. ఇక్కడి మనుషులకు కిడ్నీలు ఎందుకు పాడవుతున్నాయో చెబుతామన్నారు. దాలమ్మ మొగుడు గున్నయ్య అందరికన్నా ముందే చొక్కా చెయ్యి మడిచి నిలబడ్డాడు. నేను అచ్చయ్యేసరికి అతను లేడు.

అచ్చేసిన పత్రికవాళ్లు నన్ను ఇంటర్నెట్‌లో పెట్టి తాళం వేశారు. చదవాలంటే డబ్బు కట్టాలి. రక్తం ఇచ్చినవాళ్లకూ అదే ధర. అందులో పక్షపాతం చూపలేదు.

దాలమ్మ కొడుకు వలస పనికి పోయాడు. కోడలు దమయంతికి నెలలు నిండుతున్నాయి. ఆ పిల్లకు ఈ బోరు నీళ్లే తాగించాలా, పుట్టింటికి పంపెయ్యాలా? దాలమ్మకు తేలాల్సింది అదొక్కటే. నన్ను తెప్పించి చదవమని నెట్ సెంటర్ తవిటేసును అడిగింది.

అతనికి ఇంటర్నెట్‌లో ఒక దొంగ గ్రంథాలయం తెలుసు. తాళంలో ఉన్న పుస్తకాలను, నాలాంటి పత్రాలను మొహం తెలియనివాళ్లెవరో అందులో ఊరికే పెడతారు. ఒక చిరునామా మూయిస్తే మరో చిరునామాతో తెరుచుకుంటుంది. తవిటేసు నన్ను అక్కణ్నుంచి దించి, అచ్చు తీసి, ఆధార్ కార్డులకు చేసే అలవాటు కొద్దీ ప్రతి కాగితానికీ లామినేషన్ చేసేశాడు. ముఖ్యమైన కాగితం కదా అన్నాడు.

తర్వాత తెలుగులోకి మార్చుకుందామని ఫోన్ కెమెరా నా మీద పెడితే ప్లాస్టిక్ మెరుపుకు అక్షరాలు అందలేదు. నన్ను నీడకు తిప్పి తిప్పి చదివాడు. దాలమ్మ గున్నయ్య పేరెక్కడని అడిగింది. పేర్లుండవు, అంకెలే ఉంటాయన్నాడు. ఏ అంకె గున్నయ్యో నాకు తెలుసు. చెప్పడానికి నోరు లేదు.

చివరి పేజీలో తవిటేసు ఆగాడు.

"ఏటి రాసినారు బావూ?"

"కారణం ఇంకా తేల్నేదంట పిన్నీ. నీళ్లో, మరోటో సెప్పలేమన్నారు. ఇంకా మందికి రగతం తియ్యాలంట."

దాలమ్మ నన్ను చేతిలోకి తీసుకుంది.

"తెల్దని సెప్పడానికి తాళమెందుకేసినారు?"

తవిటేసు కంప్యూటర్ వైపు తిరిగాడు.

ఇంటికొచ్చేసరికి దమయంతి బిందె పట్టుకుని బోరు దగ్గరికి బయల్దేరుతోంది. దాలమ్మ బిందె అందుకుంది.

"రేపు మీ అమ్మకాడ దిగబెడతాను. బట్టలు సద్దుకో."

"నీళ్లు మంచివి కావంటా అత్తా?"

"తెల్దు."

ఇప్పుడు దాలమ్మ ఒక్కతే ఉంది. ఆ నీళ్లే తాగుతోంది. బిందె మీద మూతగా నేనున్నాను. ముంచుకునేటప్పుడు పక్కకు జరుపుతుంది. తాగి, మళ్లీ మూస్తుంది.