తెర నిండా బాలమల్లు

కొత్వాల్‌గూడ బాలమల్లు వేయని వేషం లేదు. హిమాయత్ సాగర్ పక్కనున్న పాడుబంగళాలో నిర్మాత వరప్రసాద్ తీసే దయ్యాల సినిమాలన్నిటికీ అతనే దిక్కు. తెల్లచీర కట్టి జుట్టు ముఖం మీదికి వేసుకుంటే మోహిని. గోతిలోంచి లేచే చెయ్యి అతనిదే, నక్క ఊళా అతనిదే. ఒక సినిమాలోనైతే పీక పిసికే దయ్యమూ తనే, బోర్లాపడి చచ్చే వాచ్‌మనూ తనే. ఒక్క భోజనంతో ఇంతమంది నటులు దొరికితే ఏ నిర్మాత మురిసిపోడు?

పాపం, ఎందులోనూ ముఖం కనబడలేదు. ఊళ్లో ఎవడూ నమ్మడు.

"గా చెయ్యి నీదేనని గ్యారంటీ ఏందిరా?" అని యాదయ్య తన హోటల్లో అందరి ముందూ ఆటపట్టించేవాడు. బాలమల్లు భార్య దుర్గవ్వ కూడా కొంగు చాటున నవ్వేసరికి అతనికి కడుపు మండిపోయింది. వెళ్లి నిర్మాతనే అడిగేశాడు.

"సార్, ఒక్కపారి నా మొఖం సూపెట్టుండ్రి. ఊర్ల ఇజ్జత్ పోతున్నది."

"అంతేనా? ఈసారి మొదటి నుంచి చివరిదాకా నీ ముఖమేనయ్యా," అన్నాడు వరప్రసాద్. కొత్త చొక్కా తొడిగించి, నవ్వమని ఫోటో తీయించాడు. పోస్టరుకే కాబోలనుకున్నాడు బాలమల్లు.

సినిమా శంషాబాద్ టాకీసుకు రాగానే ఊరినంతా ట్రాక్టరెక్కించి తీసుకుపోయాడు. తెర వెలిగింది. బంగళా గోడ మీద నిలువెత్తు బాలమల్లు! ఫోటోకు కుంకుమబొట్టు, పూలదండ, కింద ఊదుబత్తులు. కథ మొదలవకముందే చచ్చిన జమీందారట.

"నమ్మినం బాలమల్లూ, నమ్మినం!" అని యాదయ్య ఈల వేశాడు. హాలంతా గొల్లుమంది. దుర్గవ్వ మాత్రం పుస్తెలు గుప్పిట పట్టుకుని లేచింది.

"బతికున్న మొగనికి దండేస్తరా? గా ఫోటో సినిమాలకెల్లి తీపియ్యకుంటే నేను మా అమ్మగారింటికి పోత," అని ఏడ్చింది.

మర్నాడు పొద్దున్నే బాలమల్లు బంగళాకు బయలుదేరాడు. దారిలో పాలవాడు సైకిలాపి, "జమీందారువు నువ్వే గదన్నా!" అని చెయ్యి కలిపాడు. ముక్కూమొహం తెలియనివాడు గుర్తుపట్టడం బాలమల్లుకు పుట్టి బుద్ధెరిగాక అదే మొదలు.

సంగతి విని వరప్రసాద్ నొచ్చుకున్నాడు. "నిజమేనయ్యా, ఆడకూతురి ఉసురు నాకెందుకు? ఇప్పుడు తీయబోయే రెండో భాగంలో నీది తీసేసి వంట సోమయ్య ఫోటో పెట్టేస్తాను. తన ముఖం చూపించమని వాడూ ఎప్పట్నుంచో అడుగుతున్నాడు."

సినిమా పొడుగునా సోమయ్య ముఖం! బాలమల్లుకు దారిలో చెయ్యి కలిపిన పాలవాడు గుర్తొచ్చాడు. దుర్గవ్వ ఏడుపు చెవుల్లో ఇంకా వినబడుతూనే ఉంది. తల వంచుకున్నాడు.

"ఉండనీయుండ్రి సార్," అన్నాడు. "దండ జర చిన్నది ఏయుండ్రి. సగం మొఖం కప్పుతున్నది."