కిట్టు ఎన్నూరులో ఉన్నాడు

దెయ్యాలున్నాయనే చోట్లు తిప్పి కథలు చెప్పే దెయ్యాల నడకకు టికెట్టు కొన్నవాళ్ళలో దెయ్యం తరఫు బంధువు ఒకావిడ ఉందని ఆ గైడు కుర్రాడికి తెలియదు. అతని పేరు అనిరుధ్. బ్రాడ్వే మూలన కాఫీకొట్టు ముందు గుంపును పోగేసి, రక్షణకని అందరి చేతులకీ నల్లదారం కడుతూ వచ్చి, వినోదిని దగ్గర ఆగి, ఆంటీ భయపడరు కదా అని తమిళంలో నవ్వుతూ అడిగాడు. ఆవిడ అప్పటికే భయంతో చచ్చిపోతోంది. లేదన్నట్టు తల ఊపి చెయ్యి చాపింది.

ఆ భయం అతను చూపించబోయే దెయ్యాలంటే కాదు. నాలుగు రోజుల కిందట, మరిది కూతురు నందిత కాలేజీ నుంచి వస్తూనే, పెద్దమ్మా ఇది మన ఇల్లే కదా అని ఫోను చేతిలో పెట్టింది. చూస్తే తమ సందే, తమ మేడే. పై అంతస్తు కిటికీలో మసక వెలుగులో ఒక తెల్లటి తల. వెనక గుండె దడదడలాడించే సంగీతం. ఇదే అనిరుధ్ గొంతు తగ్గించి చెబుతున్నాడు. ఈ ఇంటి పెద్దకొడుకు కరోనాలో పోయాడట, ఆ దిగులుతో తల్లీ పోయిందట, ఇప్పటికీ దీపాలవేళకు ఆమె కిటికీలోకి వచ్చి కొడుకును పిలుస్తుందట. ఆ వీడియో ముక్కను వేలమంది చూశారు.

అందులో సగం నిజం. పెద్దకొడుకు కిట్టు పోయిన మాట నిజం. అతను వినోదిని భర్త. తల్లి అలివేలమ్మ మాత్రం పోలేదు. నిక్షేపంలా ఉంది, పొద్దున్నే రెండు ఇడ్లీలు తిని చట్నీలో ఉప్పు తక్కువైందని సాధిస్తుంది. ఆ తెల్లటి తల ఆవిడదే. వచ్చిన చిక్కల్లా ఏమిటంటే, కొడుకు పోయిన సంగతి ఆవిడకు ఎవరూ చెప్పలేదు.

చెప్పకూడదని కాదు, చెప్పే వీలు దొరకలేదు. కిట్టు పోయిన రోజుల్లో ముసలావిడ కూడా అదే జ్వరంతో మరో ఆసుపత్రిలో పడి ఉంది. ఇప్పుడు చెబితే గుండె తట్టుకోదన్నాడు డాక్టరు. ఇంటికొచ్చాక చెబుదామనుకున్నారు. ఇంటికొచ్చేసరికి మనిషి సగమైంది, మతిమరుపు కూడా వచ్చినట్టు కనిపించింది. కిట్టు ఏడని అడిగితే, ఎన్నూరు పోర్టులో సరుకు దిగుతోంది, ఆడ ఉండాడని చెప్పాడు చిన్నకొడుకు వెంకట్రామ్. వాళ్ళది తాళ్ళు, టార్పాలిన్ల హోల్‌సేల్ కొట్టు కాబట్టి ఎన్నూరు మాట నమ్మదగిందే. మర్నాడు మళ్ళీ అడిగితే, రాత్రి వచ్చి నీ కాళ్ళకు మొక్కి పోయినాడు గదమ్మా, మరిచిపోయినావా అన్నాడు. అవును గదా అందావిడ. ఆ రెండు మాటల మీద ఇంటిల్లిపాదీ ఏళ్ళు గడిపేశారు. కిట్టు తద్దినాలు రాయపురంలో పురోహితుడి ఇంట్లో గుట్టుగా పెట్టేవారు. ఫోటోకు దండ వేయలేదు. రోజూ దీపాలు పెట్టే వేళకు ఆవిడ కిటికీలోంచి తొంగి, కిట్టూ అని పిలవడం, కింద కొట్లోంచి వెంకట్రామ్, ఎన్నూరు నుంచి ఇంకా రాలేదమ్మా, వస్తాడు అని అరవడం, అంతటితో ఆవిడ లోపలికి పోవడం అలవాటైపోయింది.

ఆ అబద్ధంలో అందరికంటే పెద్ద బరువు వినోదిని నుదుటి మీద పడింది. మొగుడు ఎన్నూరులో ఉన్నవాడి పెళ్ళాం బొట్టు లేకుండా తిరగకూడదు. పదోరోజున జరగాల్సిన తంతు ఆపేశారు. పురసవాక్కంలో ఉండే పెదమామగారు రంగనాథం అప్పట్లోనే గొణిగాడు. ముసలామె ఉన్నన్నాళ్ళూ సరే, లేదా ఆమెకు తెలిసిన రోజు దాకా సరే, ఆ తరవాత జరగాల్సింది జరిగి తీరాలని తేల్చి చెప్పాడు. వినోదిని రోజూ అద్దం ముందు నిలబడి రూపాయి బిళ్ళంత బొట్టు పెట్టుకుంటుంది, జడలో మూర మల్లెపూలు తురుముకుంటుంది. ఏడుపు వస్తే స్నానాలగదిలో నీళ్ళు వదిలి ఏడుస్తుంది, అదీ కొంచెమే, కళ్ళు ఎర్రబడితే అత్త అడుగుతుందని.

ఇప్పుడీ కుర్రాడు నడుముకు మైకు పెట్టె తగిలించుకుని, ఇరవైమందికి పైగా జనాన్ని వెంటేసుకుని, సరిగ్గా దీపాలవేళకు ఆ కిటికీ కిందకు వస్తాడు. మొన్నటిదాకా సందు చివర నిలబడి గుసగుసగా చెప్పి పోయేవాడు కాబట్టి గుట్టు దాగింది. వీడియోకు పేరొచ్చాక మైకొచ్చింది. అలివేలమ్మకు మతిమరుపే గాని చెవులు పాము చెవులు. కిటికీ మూసేద్దామంటే, దీపాలవేళ కిటికీ మూయడమేమిటి, లక్ష్మి ఎట్లా వస్తుంది అని ముసలావిడే లేచి తెరుస్తుంది. పోలీసులకు చెబుతానని వెంకట్రామ్ ఎగిరాడు. ఆ పోలీసు కొట్టు ముందు నిలబడి, ఎవరయ్యా పోయింది అని బొంగురుగొంతుతో అడిగితే అదీ ఆ కిటికీ కిందే కదా. వినోదిని వద్దంది. వీడియో కింద ఉన్న నంబరుకు ఫోను చేస్తే ఎవరూ ఎత్తలేదు. అందుకని టికెట్టు కొనుక్కుని, నడక మొదలుకాకముందే కుర్రాణ్ణి పక్కకు పిలిచి బతిమాలదామని వచ్చింది.

వచ్చింది గాని నోరు పెగల్లేదు. దారం కడుతున్న కుర్రాడితో, ఆ పోయినాయన మా ఆయనే నాయనా అని చెప్పాలి. చెప్పే నోటికి పైనేమో బొట్టు, తలలో పూలు. పక్కన నిలబడ్డ పట్టుచీర ఆవిడ అప్పటికే, పూలు ఎంత బాగున్నాయండీ, ఎక్కడ కొన్నారని మురిసిపోయింది. మొగుడు పోయిన మనిషి ఇట్లా సింగారించుకుని దెయ్యాలు చూడ్డానికి వచ్చిందా అని ఇంతమందీ అనుకుంటారేమోనని వినోదిని వెనక్కి తగ్గింది. తరవాతి మజిలీలో చెబుదాం అనుకుంది.

తరవాతి మజిలీ ఒక పాత గోడౌను. అక్కడ మోహిని దారినపోయే మగవాళ్ళను సున్నం అడుగుతుందని, వేలితో ఇస్తే వెంటపడుతుందని, కత్తిమొనతో ఇస్తే పోతుందని చెప్పాడు అనిరుధ్. జనం కిలకిల నవ్వారు. బాగానే చెబుతాడు కుర్రాడు, ఆ మాట ఒప్పుకోవాలి. వినోదిని నవ్వులు తగ్గాక అడుగు ముందుకు వేసింది. ఎవరో అతని భుజం మీద చెయ్యి వేసి ఫోటో దిగుతున్నారు. ఆగింది.

దాని తరవాత ఒక వేపచెట్టు. మాను నిండా తుప్పుపట్టిన మేకులు. మనిషికి పట్టిన దెయ్యాన్ని ఆ మనిషి జుట్టుపాయతో సహా చెట్టుకు మేకేసి కొట్టి పోతారట. ఈసారి నిజంగానే అతని పక్కకు చేరి, బాబూ ఒక మాట అంది. చివర్లో ప్రశ్నలకు టైం ఉంది ఆంటీ, అసలు కథ ముందుంది అని అతను చకచకా నడక సాగించాడు. ముసురు పట్టి పొద్దు ముందే గూకింది. కొట్లలో ఒక్కొక్క దీపమే వెలుగుతోంది. వినోదిని ఆ గుంపులో అందరికంటే ముందు నడవాలని చూసింది, హోల్‌సేల్ మూటల బండి ఒకటి సందుకు అడ్డం నిలిచి సాగనివ్వలేదు.

ఆ నడకలోనే ఆవిడకు ఒక నిజం తెలిసొచ్చింది. అత్త గుండె ఆగిపోతుందనే తను భయపడుతోందని అనుకుంది. అది ఉంది. దాని పక్కనే, అత్తకు తెలిసిన మర్నాడు పెదమామ నలుగురు ఆడవాళ్ళను వెంటబెట్టుకుని గడప ఎక్కుతాడన్న భయమూ ఉంది. రెండింటిలో ఏది పెద్దదో చూసుకోవడానికి సిగ్గేసింది.

బండి తప్పుకుని సందులోకి వచ్చేసరికి అనిరుధ్ మొదలుపెట్టేశాడు. కొట్లో వెంకట్రామ్ లేడు, ఎవరో గిరాకీతో వెనక గోడౌనులో ఉన్నట్టున్నాడు. మైకులో గొంతు ఎదుటి గోడకు తగిలి తిరిగి వస్తోంది. ఈ ఇంటి పెద్దకొడుకు కృష్ణమూర్తి, అందరూ కిట్టు అనేవాళ్ళు, కరోనా రెండో విడతలో ఊపిరాడక చనిపోయాడు, తల్లి కడచూపుకు కూడా నోచుకోలేదు. తమిళంలో చెప్పి, మళ్ళీ ఇంగ్లీషులో చెప్పి, గుంపులో తెలుగువాళ్ళు ఉన్నారని కాబోలు, వచ్చీరాని తెలుగులో కూడా మూడోసారి చెప్పాడు.

వినోదిని జనాన్ని తోసుకుంటూ వెళ్ళి మైకు మీద చెయ్యి పెట్టింది.

"ఆపు నాయనా. ఆమె చావలేదు. ఆమె మా అత్త. నువ్వు చెప్పినాయన నా మొగుడు."

అనిరుధ్ మైకు ఆపేశాడు. జనం ఆవిడ నుదుటి వంక చూశారు. వినోదిని వాళ్ళ వంక చూడలేదు, పైకి చూసింది. కిటికీ తెరిచే ఉంది. అందులో ఎవరూ లేరు. పిలుపూ రాలేదు. ఇన్నేళ్ళలో దీపాలవేళ ఆ కిటికీ ఖాళీగా ఉండడం ఆవిడ చూడలేదు.

మెట్లు ఎట్లా ఎక్కిందో ఆవిడకే తెలియదు. గదిలో దీపం వెలుగుతోంది. అలివేలమ్మ కిటికీ పక్కన నేల మీద గోడకానుకుని కూర్చుని ఉంది, చీరకొంగు నోట్లో కుక్కుకుని. వినోదిని ఆవిడ ముందు కూలబడి, చేతులు పట్టుకుని, అత్తా, ఊపిరాడతా ఉందా, డాక్టరును పిలిచేదా, వాడు కట్టుకథలు చెప్పుకునే పిల్లోడు, వాడి మాట పట్టించుకోవద్దు, ఆయన ఎన్నూరులో ఉండాడు, రాత్రికి వస్తాడు అని నోటికొచ్చినట్టు చెప్పుకుపోయింది.

అలివేలమ్మ కొంగు తీసి ముఖం తుడుచుకుంది.

"చాల్లేమ్మా. నేను ఆసుపత్రిలో ఉండంగానే తెలుసు నాకు. పక్క మంచమామె ఫోన్లో ఎవరికో చెప్తా ఉంటే విన్నా. తాళ్ళకొట్టు వాళ్ళ పెద్దబిడ్డ పోయినాడు, తల్లికి చెప్పలేదంట అని."

మరి రోజూ ఎందుకు పిలిచినావత్తా అని అడిగింది వినోదిని.

"ఇంటికొచ్చిన దినం నువ్వు నాకు మందు తాపను వంగినావు. నుదుట బొట్టుండాది. ఎందుకుండాదో అర్థమయ్యింది. నాకు తెలుసునని ఒక్క మాటంటే ఆ రంగనాథం వచ్చి కూచుంటాడు." అలివేలమ్మ బొట్టు లేని తన నుదురు తడుముకుంది. "నాకు ముప్పై ఏండ్లకు తీసినారు. నలుగురు పట్టుకున్నారు, ఒకామె నెత్తిన నీళ్ళు పోసింది. ఆ నీళ్ళు ఇంకా కారతా ఉండాయి నాకు. నిన్నట్లా చూడలేక, వాణ్ణి ఎన్నూరులోనే ఉంచినా."

మతిమరుపు నటించడం తేలికేమీ కాదని, అందుకే అప్పుడప్పుడు చట్నీ మీద విసుక్కునేదాన్నని కూడా చెప్పింది. నవ్వబోయింది గాని నవ్వు రాలేదు. రోజూ పిలిచి లోపలికి వచ్చాక దుప్పటి కప్పుకుని ఏడ్చేదట. కోడలు చూస్తుందేమోనని గోడవైపు తిరిగి పడుకునేదట. ఈ పూట పిలుద్దామని కిటికీ దగ్గరికి వచ్చేసరికి కింద వాడి పేరు, చావు, రెండూ ఒక్క మాటలో వినబడ్డాయి, నోరు లేవలేదని చెప్పింది. తరవాత కళ్ళు తుడుచుకుని లేవబోయింది.

"పట్టుకో నన్ను. ఇప్పుడన్నా పిలుస్తా. ముసలిదానికి సరిగా వినబడలేదని అనుకుంటారు. రేపటినుంచి మామూలే."

వినోదిని ఆవిడను లేవనివ్వలేదు.

"వద్దత్తా. ఇంక పిలవొద్దు. నాకు ఏడవాలని ఉండాది. ఆయన పోయిన దినం నుంచి ఒక్కపూటన్నా గట్టిగా ఏడవలేదు నేను."

"అందరికీ వినబడతాదే."

"వినబడనీ."

అలివేలమ్మ కోడలి తల ఒళ్ళోకి లాక్కుంది. మొదటి కేక వినోదినిది. ఆ గొంతు తనదేనని ఆవిడే పోల్చుకోలేకపోయింది. ఆ వెంటనే ముసలావిడదీ కలిసింది. నా కొడకా, నా కిట్టూ అని గుండెలు బాదుకుంటూ, కొడుకు పుట్టిన నాటి నుంచి చెప్పుకుని చెప్పుకుని ఏడ్చింది. అతను తాళ్ళచుట్టలెక్కి ఆడింది, కాళ్ళు కాల్చుకుంది, పెళ్ళినాడు అలిగింది, అన్నీ చెప్పింది. కింద సందులో డబ్బులిచ్చి దెయ్యం కోసం వచ్చినవాళ్ళు తలలు వంచుకున్నారు. అనిరుధ్ మైకు పెట్టె విప్పేసి, ఏం చెయ్యాలో తెలియక కొట్టు మెట్టు మీద కూర్చుండిపోయాడు.

గోడౌనులోంచి పరుగున వచ్చిన వెంకట్రామ్ మెట్లెక్కి గుమ్మంలో నిలబడిపోయాడు. అమ్మకు ఎవరు చెప్పినారు వదినా అని అడిగాడు. ఇంక పెదనాయనకు ఏమని చెప్పేదని తల పట్టుకున్నాడు.

అలివేలమ్మ ఏడుపు ఆపలేదు. ఏడుస్తూనే కోడలి నుదుటి మీద చెరిగిన బొట్టును బొటనవేలితో సరిదిద్దింది.

"కిట్టు పోయినాడని చెప్పు. ఇది వాడి పెండ్లాం బొట్టు, నేను పెట్టినానని కూడా చెప్పు. తుడిచేవాళ్ళు ఎవరన్నా ఉంటే ముందు నా దగ్గరికి రమ్మను."

వెంకట్రామ్ తల్లి కాళ్ళ దగ్గర కూర్చుని, అన్న పోయిన ఇన్నేళ్ళకు మొదటిసారి ఆ ఇంట్లో ఏడ్చాడు.