ఖాళీ తిరగళ్ళు

తిరగలి తిరుగుతోంది.

గర్... గర్... గర్... రాయి మీద రాయి.

మధ్యలో గింజ లేదు.

గింజ ఉందో లేదో తిప్పే చేతికే తెలుస్తుంది. గోడ దాటిన శబ్దానికి తెలియదు. అందుకే తూడా తిప్పుతోంది — పక్కింటి ఇజ్జాకు వినిపించేలా. తూడా ఇంట్లో ఇవాళ కూడా బార్లీ విసురుతున్నారని ఇజ్జా అనుకోవాలి.

గోడకు అవతల ఇజ్జా తిరగలీ తిరుగుతోంది.

'దానికేం, దాని ఇంట్లో ఉంది' అనుకుంటుంది తూడా.

మనవరాలు తిత్రిత్ వచ్చి తిరగలి పక్కన బోర్లా పడుకుంటుంది. రాళ్ళ సందులోకి చూస్తుంది.

"అవ్వా, పిండేదీ?"

"వస్తుందే. ముందు రాయి వేడెక్కాలి."

పిల్ల రాయిని తడిమి చూస్తుంది. రోజూ తడుముతుంది. ఈమధ్య అడగడం తగ్గించింది, తడమడం మాత్రం మానలేదు.

వాన లేక రెండేళ్ళు. అట్లాస్ కొండల దక్షిణపు అంచున ఆకాశం అంత పిసినారి అయిపోయింది. బాదం చెట్లు నిలువునా ఎండాయి. మేకలు సంతకు వెళ్ళి తిరిగి రాలేదు. తూడా కూతురు మైదానానికి దిగి టమాటా షెడ్లలో కూలికి కుదిరింది. ఆ టమాటాలు ఓడెక్కి సముద్రం దాటుతాయట. కూతురు తిన్నదో లేదో మాత్రం కొండ ఎక్కి చెప్పేవాళ్ళు లేరు.

అయినా తూడా మంచం కింద ఒక బస్తా ఉండేది.

విత్తనపు బార్లీ.

పిల్ల ఆకలికి ఏడ్చిన రోజున కూడా ఆ బస్తా మూతి విప్పలేదు తూడా. విప్పాలనిపించింది. మూతి మీద చెయ్యి వేసి, చాలాసేపు కూర్చుని, లేచి వచ్చేసింది. విత్తనం తినేస్తే వచ్చే ఏడాదిని కూడా తినేసినట్టే.

ఆ బస్తా ఇప్పుడు మంచం కింద లేదు.

కొండ మీద ఉంది. గాదెలో.

ఊరి గాదె అది. రాతి గోడలు, లోపల వరసగా చిన్న చిన్న గదులు. ఇంటికొక గది, గదికొక చెక్క తలుపు. పూర్వం తెగలు కొట్టుకున్నాయి, ఇళ్ళు తగలబెట్టుకున్నాయి, బావులు పూడ్చుకున్నాయి. గాదె తలుపు మీద మాత్రం ఎవరూ చెయ్యి వేయలేదు. పగవాడి గింజైనా గింజే. కాపలా బీహీ వంశానిది. అతని తాతదీ, తండ్రిదీ, ఇప్పుడు అతనిదీ. నడుముకు చెక్క తాళంచెవుల గుత్తి, నోట్లో ఊరందరి గుట్టు.

ఆ తర్వాత అభివృద్ధి వచ్చింది.

ఇస్త్రీ చొక్కా వేసుకుని, కారు దిగి, తల పైకెత్తి గాదెను చూసి మురిసిపోయింది. ఎంత పాతదో అంది. ఎంత అందమో అంది. గోడలకు కొత్త మట్టి మెత్తారు. చుట్టూ దీపాలు పెట్టారు. ముందు పెద్ద ఇనుప తలుపు బిగించారు. ఊళ్ళో పొయ్యిల సంగతి ఎవరూ అడగలేదు.

ప్రారంభోత్సవానికి ముందు బీహీ ఇంటింటికీ తిరిగాడు.

"పెద్ద పెద్దోళ్ళు వస్తన్నారంట. చుట్టాల ముందర ఖాళీ గాదె తెరిస్తే ఊరికి అరిష్టం. మీ మీ గదుల్లో ఉన్నదేదో పోయండమ్మా."

ఉన్నదేదో.

తూడా ఆ రాత్రి నిద్రపోలేదు. ఊరందరి గదులూ నిండి, తన గది ఒక్కటే నోరు తెరుచుకుని ఉంటే? ఇన్ని పొద్దుల తిరగలి మోతా బూటకమని తేలిపోదూ?

తెల్లారి బస్తా వీపున కట్టుకుని కొండ ఎక్కింది. దారిలో ఇజ్జా కలిసింది. ఆమె వీపు మీదా బస్తా.

"ఏమే తూడా, ఆ బస్తా చూస్తే నాలుగేళ్ళ పంట దాచినట్టున్నావే."

"నీకంటేనా. తెల్లారకముందు మొదలెడితే పొద్దెక్కేదాకా ఆగదు నీ తిరగలి."

ఇద్దరూ నవ్వారు.

ఇద్దరి బస్తాల్లోనూ విత్తనమే.

చుట్టాలు వచ్చారు. ఊరు తన చివరి చక్కెర గడ్డ పగలగొట్టి పుదీనా టీ పోసింది. కండువా వేసుకున్న ఓ అధికారి గాదెలో తూడా గదిలోకి వంగి, గింజల్లో చెయ్యి ముంచి, వేళ్ళ సందుల్లోంచి జారవిడిచాడు. మళ్ళీ ముంచాడు. ఫొటోలు తీసుకున్నారు.

"ఇంత ధాన్యం పెట్టుకున్న ఊరికి కరువేంటండీ?" అన్నాడు నవ్వుతూ.

కొండ కింద పిండి లారీ ఆగి ఉంది. ఈ ఊరికని వచ్చిన లారీ. సాయంత్రానికి అది ముక్కు తిప్పుకుని పక్క లోయకు వెళ్ళిపోయింది.

ఊరు చూస్తూ నిలబడింది. ఒక్కరు... ఒక్కరు నోరు విప్పితే చాలు. విప్పితే తిరగలి గుట్టు విప్పాలి. ఎవరూ విప్పలేదు.

పైన పటారం, లోన లొటారం — దానికే ఇన్నాళ్ళూ పరువు అని పేరు పెట్టుకున్నారు. తూడాకు ఆ రోజు కండువా అధికారి మీద ఎంత కోపం వచ్చిందో, తన మీద తనకు అంతకు రెట్టింపు వచ్చింది.

మర్నాడు గదిలోంచి బస్తా తెచ్చుకుందామని వెళితే ఇనుప తలుపుకు ఇనుప తాళం. తాళంచెవి పట్నంలో. బీహీ చెక్క తాళంచెవులు అద్దాల పెట్టెలో. బీహీ నెత్తిన కొత్త టోపీ — వచ్చేవాళ్ళకు నమస్కారం పెట్టడానికి.

అతను పట్నం పోయి బతిమాలాడు. వాళ్ళ జవాబు మోసుకుని వచ్చాడు.

"గింజలు తీసేస్తే గాదె బోసిపోద్దంట. వచ్చేవోళ్ళకి చూడ్డానికి ఏముంటదంటన్నారు. కొత్త ఇత్తనాలు ఎండాకాలం ముందర ఇస్తారంట."

ఈ కొండల్లో బార్లీ చల్లేది చలికాలం ముందు పడే తొలి వానకు. ఎండాకాలం ముందు కోస్తారు. అమ్మ పెట్టా పెట్టదు, అడుక్కు తినానివ్వదు.

నిన్న సాయంత్రం వాన పడింది.

రెండేళ్ళ తర్వాత వాన.

మట్టి వాసన ఇంటింటికీ వచ్చి పిలిచింది. తూడా పొలానికి పరుగెత్తి మట్టిలో చెయ్యి పెట్టింది. మోచేతి దాకా దిగింది. తడి. చల్లటి, నల్లటి తడి. విత్తనం కోసం ఒళ్ళంతా తెరుచుకున్న నేల. ఎండ కాస్తే మూసుకుంటుంది. పట్నం నుంచి తాళంచెవి వచ్చేదాకా ఆగదు.

గర్... గర్...

తూడా చెయ్యి ఆగింది.

పిడి పీకేసింది. తిరగలి పై రాయిని ఎత్తి, దుప్పట్లో చుట్టి, వీపున కట్టుకుంది.

"అవ్వా, రాయి ఎక్కడికి?"

"వేడెక్కించడానికి."

సన్నగా వాన పడుతూనే ఉంది. ఇనుప తలుపు ముందు బీహీ తడుస్తూ కూర్చున్నాడు. ఆమె వీపు మీది మూట చూసి లేచాడు.

"వద్దు తూడా. తాతల నాటి నుంచీ ఈ తలుపు మీద చెయ్యేసినోడు లేడు."

"ఆ తలుపు చెక్కది మామా. నువ్వు కాపలా కాసింది దానికి. ఇది ఎవడిదో ఇనుము."

"ఊళ్ళో నీ మాట పోద్దే."

"మాట కోసమే కదా మామా, విత్తనం పోసింది."

బీహీ టోపీ తీసి బురదలో పెట్టాడు. పక్కకు జరిగాడు.

తూడా రాయి ఎత్తింది.

ఠంగ్.

తాళం చెక్కుచెదరలేదు. శబ్దం మాత్రం కొండ దిగి, ఊళ్ళోకి పోయింది. గోడలు దాటింది. రాయి దేని మీద పడుతోందో విన్నవాళ్ళందరికీ తెలుసు.

ఠంగ్.

కింద ఇజ్జా తిరగలి ఆగింది.

దాని పక్క ఇంటిది ఆగింది. ఆ పైవీధిలో ఒకటి... బావి దగ్గర ఒకటి... ఒక్కొక్కటే ఆగిపోయాయి. ఊరంతా నిశ్శబ్దం. వాన చప్పుడు తప్ప ఏమీ లేదు. ఏ ఇంట్లోనూ గింజ లేదని ఊరు మొదటిసారి ఒప్పుకుంది.

తూడా చేతులు చెక్కుకుపోయాయి. రాయి అంచు పగిలింది. తాళం అలాగే ఉంది.

కింద దారిలో ఎవరో ఎక్కి వస్తున్నారు. వంగి, మెల్లగా, వీపు మీద ఏదో బరువుతో.

తూడా వెనక్కి చూడలేదు. మళ్ళీ రాయి ఎత్తింది.

ఇనుము మీద రాయి.

ఈసారి గింజ ఉంది — తలుపుకు అవతల.