పెరగని వాయిదా

గోడకి పడిన గుంటలో లప్పం నింపడం నాకు పెళ్ళయ్యాకే వచ్చింది. ముందు అంచుల్లో ఊడొచ్చే పొడిని చాకుతో గీకెయ్యాలి. తడిగుడ్డతో తుడవాలి. లప్పం కొంచెం కొంచెంగా నొక్కుతూ నింపి, ఆరాక గరుకు కాగితంతో రుద్ది, పైన రంగు పూయాలి. తొందరపడి ఒకేసారి నింపేస్తే బీటలిస్తుంది. పడగ్గదిలో గుంట నా భర్త పిడికిలంత ఉండేది. హాల్లోది కుర్చీ కోడు చేసింది. నేను పూడ్చాక చేత్తో తడిమి చూసినా ఎవరూ కనిపెట్టలేకపోయేవారు. నా పనితనం చూసి పై అంతస్తు ఆవిడ తన గోడ కూడా కాస్త చూసిపెట్టమంది. మా గోడ నీటి చెమ్మకి ఊడిందని చెప్పి ఉన్నాను, వాళ్ళది మాత్రం నిజంగా నీటి చెమ్మే.

కొన్నాళ్ళకి గోడలకి గుంటలు పడడం ఆగిపోయింది. ఆ పుణ్యం మా అత్తగారిది. ఒకరోజు ఆయన కోపంలో బీరువా తలుపు మీదా, ఆ పక్క గోడ మీదా గుద్దుతుంటే ఆవిడ తన గదిలోంచి వచ్చి, కొడుకు భుజం మీద చెయ్యి వేసింది.

"ఒరేయ్, గోడ జోలికి పోకురా. అప్పు తీరని ఇల్లు."

అంతే అంది. కొడుకు తల్లి మాట వినే రకం. ఆ రోజు నుంచి గోడ జోలికి పోలేదు.

మొదటిసారి చెంప మీద. తర్వాత చెంప కనిపిస్తుందని వీపు మీద. నేను ఆసుపత్రిలో ఎక్స్‌రేలు తీసే మనిషిని, ఎక్కడ కొడితే ఏమవుతుందో నాకు ముందే తెలుస్తుంది. ఆయన చెయ్యి లేచినప్పుడు అది వచ్చే దారిని బట్టి, ఇది పక్కటెముకకి, ఇది భుజానికి అని లోపల ఒక గొంతు చెప్పేది. తల మాత్రం రెండు చేతులతో కప్పుకునేదాన్ని. కొట్టాక ఆయన చాలా మామూలుగా అయిపోయేవాడు. స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని, నీటి పంపులు అమ్మే తన ఆఫీసుకి వెళ్ళి మేనేజరు కుర్చీలో కూర్చునేవాడు. అక్కడ ఎవరి మీదా గొంతు కూడా పెంచడని మంచి పేరు.

మరి ఎందుకున్నావు అని అడుగుతారు. ఇంటి కోసం ఉన్నాను.

ఇల్లు ఇద్దరి పేరునా ఉంది. ప్రేమతో పెట్టింది కాదు. ఒక్క జీతం చూసి అంత అప్పు ఇవ్వలేమని బ్యాంకు అంది కాబట్టి నా పేరు, నా జీతం, నా సంతకం అవసరమయ్యాయి. వాయిదా నా జీతంలోంచి పోయేది. జీతం పడిన మర్నాడే బ్యాంకు పట్టుకుపోయేది, మిగిలేది బస్సు ఛార్జీలకి బొటాబొటీ. ఇంటి ఖర్చు ఆయనది. అంటే నాకు చెప్పులు తెగితే ఆయన్ని అడగాలి. అడిగితే ఇవ్వనా అంటాడు, అడిగాక మొన్నేగా కొన్నావు అంటాడు, ఇచ్చాక నలుగురిలో నా పెళ్ళానికి చెప్పుల పిచ్చి అని నవ్విస్తాడు. "నా ఇంట్లో" అనడం ఆయనకి ఊతపదం. నా ఇంట్లో గట్టిగా మాట్లాడకు. నా ఇంట్లో ఏడవకు. పిల్లల సంగతి ఎత్తితే, అప్పు కాస్త తగ్గనీ చూద్దాం అనేవాడు. ఒకసారి నెల తప్పితే తనే ఆసుపత్రికి తీసుకెళ్ళి తీయించేసి, తిరిగొచ్చేటప్పుడు దారిలో కారు ఆపి జ్యూస్ తాగించాడు. చల్లగా ఉందా అని అడిగాడు. ఉందన్నాను.

అది పదిహేనేళ్ళ అప్పు. నాకొక పథకం ఉంది, ఎవరికీ చెప్పనిది. అప్పు తీరిన మర్నాడు ఇల్లు అమ్ముదామంటాను, నా సగం తీసుకుంటాను, వెళ్ళిపోతాను. అప్పటిదాకా పళ్ళు బిగించి ఉండాలి. మధ్యలో వెళ్ళిపోతే కట్టిందంతా గంగపాలు అనుకునేదాన్ని. దెబ్బ పడినప్పుడల్లా ఇంకెన్నేళ్ళో గుర్తు చేసుకునేదాన్ని. పళ్ళ డాక్టరు కుర్చీలో నోరు తెరుచుకుని కూర్చున్నవాళ్ళు ఇంక అయిపోవచ్చింది అని తమకి తాము చెప్పుకుంటారే, అలా పన్నెండేళ్ళు చెప్పుకున్నాను.

ఒక ఆదివారం మధ్యాహ్నం భోజనాల దగ్గర ఆయన చాలా హుషారుగా ఉన్నాడు. వడ్డీ మళ్ళీ పెరిగిందట, ఆఫీసులో అందరి వాయిదాలూ పెరిగాయట, లబోదిబోమంటున్నారట.

"మనకి పైసా పెరగలేదు. బ్యాంకువాళ్ళతో మాట్లాడ్డం తెలిసుండాలి," అన్నాడు.

అత్తగారు మురిసిపోయి మరో గరిటె కూర వడ్డించింది. నిజం చెప్పాలంటే నేనూ మురిసిపోయాను. ఆ సంతోషంలోనే నోరు జారాను.

"అయితే ఇంకా మూడేళ్ళేగా?"

ఆయన ముద్ద కంచంలోనే వదిలేసి నావైపు చూశాడు. "ఏం, ఎక్కడికైనా వెళ్ళాలా?"

లేదన్నాను. నా కంచం తీసుకుని వంటింట్లోకి వెళ్ళాను. ఆయన వెనకాలే వచ్చాడు. కుళాయి తిప్పాను. నీళ్ళ చప్పుడులో అడుగుల చప్పుడు వినబడలేదు. నా ఎడమ చెయ్యి మణికట్టు దగ్గర పట్టుకుని, వంటగట్టు రాతి అంచు మీదకి దించాడు. ఒకసారి దించి, విరగలేదని మళ్ళీ దించాడు. రెండోసారి చప్పుడు వచ్చింది. ఆ చప్పుడు చెవులతో కాకుండా పళ్ళతో విన్నాను. కింద కూలబడిపోయాను. ఆయన వంగాడు, నన్ను లేపడానికే అనుకున్నాను. గట్టు అంచు మీద వేలితో రాసి చూసుకున్నాడు.

"నయం. రాయికి ఏం కాలేదు," అన్నాడు. చెయ్యి కడుక్కుని వెళ్ళి భోజనం పూర్తి చేశాడు.

మర్నాడు నా చేతికి నేను పనిచేసే గదిలోనే ఎక్స్‌రే తీశారు. నా జూనియర్ తీసింది, నన్ను అక్కా అని పిలిచే పిల్ల. తెర మీద బొమ్మ రాగానే దానికి దగ్గరగా వంగింది. ఎముక తెల్లగా, మధ్యలో నల్లటి గీతతో రెండు ముక్కలుగా ఉంది. దానికి కొంచెం పైన ఎప్పుడో విరిగి, దానంతటదే అతుక్కున్న చోట చిన్న బుడిపె. వేళ్ళ దగ్గర ఇంకోటి. ఆ పిల్ల ఒక్కొక్కదాని మీద వేలు పెడుతూ పోయింది. ఏమీ అడగలేదు. అడిగుంటే బాగుండేది, అబద్ధం చెప్పి తప్పించుకునేదాన్ని.

కట్టు కట్టించుకుని సెలవు చీటీ చేతిలో పెట్టుకుని బయటికొచ్చాను. ఇంటికి వెళ్ళే బస్సు వచ్చింది. ఎక్కలేదు. రోడ్డు దాటి బ్యాంకుకి వెళ్ళాను. ఇంకా మూడేళ్ళే అన్న మాట ఎవరి నోటైనా వింటే తప్ప ఆ రోజు నడవలేననిపించింది.

ఇంటి అప్పులు చూసే అధికారి నా వయసు ఆవిడే. కట్టు చూసి కూర్చోమంది. అప్పు ఎప్పుడు తీరుతుందని అడిగాను. ఆవిడ కంప్యూటర్లో చూసి, చాలా మామూలుగా చెప్పింది.

"ఇంకా తొమ్మిదేళ్ళండీ."

పొరపాటు పడ్డారేమో, పదిహేనేళ్ళ అప్పు, పన్నెండేళ్ళు కట్టేశాం అన్నాను. ఆవిడ మళ్ళీ చూసింది. తొమ్మిదే. ఇలాంటివాళ్ళని రోజూ చూస్తుందేమో, విసుక్కోకుండా విడమరిచి చెప్పింది. వడ్డీ పెరిగినప్పుడు రెండు దారులుంటాయి. వాయిదా పెంచి అనుకున్న రోజుకే తీర్చడం ఒకటి, వాయిదా అంతే ఉంచి గడువు పెంచడం రెండోది. మా ఆయన ప్రతిసారీ రెండోదే అడిగాడు. మధ్యలో కారు కోసం ఇదే ఇంటి మీద ఇంకొంత అప్పు తీసుకున్నాడు, అప్పుడూ వాయిదా పెంచకుండా గడువే పెంచమన్నాడు.

"వాయిదా పెరగకపోతే అందరూ సంతోషపడతారండీ. గడువు ఎవరూ అడగరు. మీ సంతకాలు కూడా ఉన్నాయి."

ఉంటాయి. నేను పొయ్యి దగ్గరుంటే కాగితం తెచ్చి గట్టు మీద పెట్టి, ఇక్కడ పెట్టు, ఇక్కడ పెట్టు అనేవాడు. తడి చెయ్యి చీరకి తుడుచుకుని పెట్టేదాన్ని.

ఇన్నేళ్ళూ కట్టిందంతా ఏమైందని అడిగాను. తెచ్చుకున్న అప్పుకంటే ఎక్కువే కట్టేశారని, కానీ అందులో ఎక్కువ భాగం వడ్డీకే పోయిందని, అసలు మూడొంతుల్లో రెండొంతులు ఇంకా అలాగే ఉందని చెప్పింది. నేను నవ్వాను. అక్కడున్నవాళ్ళు తిరిగి చూసేంత గట్టిగా నవ్వాను. నవ్వితే పక్కటెముక నొప్పి పుట్టింది. నా జీతం అతని కారుకి పెట్రోలు పోసినట్టు పోసి, ఆ కారులోనే నన్ను తీసుకెళ్ళి కడుపు తీయించి జ్యూస్ తాగించాడు. అదీ అప్పే, దానికీ వడ్డీ నేనే కడుతున్నాను. ఓర్చుకున్నకొద్దీ దగ్గరపడుతుందనుకున్న రోజు, నేను ఓర్చుకోవడం వల్లే దూరం జరుగుతూ వచ్చింది. వాయిదా కట్టేవాళ్ళు ఉన్నంతకాలం గడువు పెంచడానికి ఎవరికి మాత్రం నష్టం? మూడేళ్ళని తొమ్మిదేళ్ళు చేసినవాడు తొమ్మిదిని పదిహేను చెయ్యడా?

"నేను కట్టడం మానేస్తే?" అన్నాను.

ఆవిడ కళ్ళజోడు తీసింది. ముందు ఫోన్లు చేస్తారు, తర్వాత నోటీసు పంపిస్తారు, ఆఖరికి ఇల్లు స్వాధీనం చేసుకుని వేలం వేస్తారు, ఇద్దరికీ మళ్ళీ ఎక్కడా అప్పు పుట్టదు అని చెప్పింది. ఆ తర్వాత గొంతు తగ్గించింది. "మీరూ ఆయనా కలిసి అమ్మేసుకుంటే మీకేమన్నా మిగులుతుంది. వేలందాకా పోతే ఏమీ మిగలకపోవచ్చు. ఆలోచించుకోండి."

ఆలోచించడానికి రోడ్డు దాటినంత సేపు పట్టింది. ఆసుపత్రికి తిరిగి వెళ్ళి, జీతాలు చూసే గుమాస్తా దగ్గర నిలబడి, వచ్చే నెల నుంచి నా జీతం వేరే బ్యాంకులో వెయ్యమన్నాను. ఖాతా ఎక్కడుందని అడిగాడు. ఇవాళే తెరుస్తానన్నాను. సాయంత్రం ఇంటికి కాకుండా నా జూనియర్ అద్దెకుంటున్న గదికి వెళ్ళాను. చెయ్యి విరగ్గొట్టాడని ఫిర్యాదు ఎలా ఇవ్వాలో కనుక్కుంది ఆ పిల్లే. నాతో స్టేషనుకి వచ్చి బల్ల మీద నా పక్కన కూర్చుందీ ఆ పిల్లే. వాళ్ళు రాసుకున్నారు, పిలుస్తామన్నారు. ఆయన రోజూ ఫోన్ చేశాడు. తిట్టాడు, ఏడ్చాడు, మళ్ళీ తిట్టాడు. అత్తగారు ఒక్కసారే చేసింది.

"వెళ్తే వెళ్ళావు. ఆ వాయిదా సంగతి చూసి వెళ్ళొచ్చుగా అమ్మాయ్," అంది.

ఆయన వస్తాడని తెలుసు. వాయిదా తప్పిన మర్నాడే వచ్చాడు, ఇస్త్రీ చొక్కాతో. పొద్దున్నే ఎక్స్‌రే గది బయట బెంచీల నిండా జనం. నేను పేర్లు పిలుస్తున్నాను, ఒక చెయ్యి కట్టులో ఉందని బరువు పని లేకుండా ఆ పని ఇచ్చారు. ఆయన వరసలన్నీ తోసుకుంటూ నేరుగా నా దగ్గరికొచ్చాడు.

"బ్యాంకు నుంచి నా ఆఫీసుకి ఫోన్ వచ్చింది. నా ఆఫీసుకి."

ఆ మాట రెండుసార్లు అన్నాడు. ఇక్కడ పేషెంట్లున్నారు, వెళ్ళండి అన్నాను. జుట్టు పట్టుకున్నాడు. తల వెనక్కి వంచి, సీసం రేకు తాపడం చేసిన తలుపుకేసి కొట్టాడు. కళ్ళలో తెల్లటి వెలుగు. ఎవరో ముసలాయన లేచి వద్దు బాబూ అన్నాడు, ఒక పిల్ల ఏడుపు అందుకుంది. రెండోసారి కొట్టడానికి మళ్ళీ వెనక్కి లాగాడు. ఎప్పటిలాగే నా చేతులు తలని కప్పుకోబోయాయి. సగం దారిలో ఎడమ చెయ్యి ఆగింది. గట్టిపడిన పిండికట్టు ఎంత గట్టిగా ఉంటుందో రోజూ చూస్తూనే ఉన్నాను. మోచేతి దాకా రాయి. ఆ రాయిని ముఖం మధ్యకి ఊపాను.

ముక్కు విరిగింది. కట్టు లోపల నా ఎముక భగ్గుమంది, అయినా ఆ చప్పుడు నాకు స్పష్టంగా వినబడింది. జుట్టు వదిలేసి ముక్కు రెండు చేతులా పట్టుకుని మోకాళ్ళ మీద పడ్డాడు. ఇస్త్రీ చొక్కా ముందంతా ఎర్రబడింది. నేను మళ్ళీ చెయ్యెత్తాను. ఎత్తి, దించేశాను. దయ తలిచి కాదు. అతని కళ్ళు చూశాను. ఆ చెయ్యి ఎటు నుంచి వస్తుందా అని చూస్తున్నాయి, లెక్క వేసుకుంటున్నాయి. అది చాలనిపించింది.

కాపలావాళ్ళు వచ్చి పట్టుకున్నారు. పోలీసులకి కబురు వెళ్ళింది. వాళ్ళు వచ్చేలోగా డ్యూటీ డాక్టరు ముక్కుకి ఎక్స్‌రే రాశాడు. ఎలా జరిగిందని అడిగితే, బెంచీల నిండా చూసిన జనం ఉండగానే, "జారిపడ్డానండీ" అన్నాడు నా భర్త. వరసలో ఎవరో కిసుక్కున నవ్వారు.

లోపల బల్ల మీద పడుకోబెట్టింది నా జూనియర్. నువ్వు బయటికెళ్ళక్కా, నేను చూసుకుంటాను అంది. పర్లేదన్నాను. మీట నొక్కడానికి ఒక చెయ్యి చాలు. ఆ పిల్ల ఎక్స్‌రే పలక సర్దడానికి అటు తిరిగినప్పుడు, ఆయన నెత్తుటి ముక్కులోంచి నాకు మాత్రమే వినబడేలా మాట్లాడాడు. గొంతులో కోపం లేదు. భయం ఉంది. ఆ గొంతు నేను మొదటిసారి విన్నాను.

"వేలం వేస్తారే. ఇల్లు పోతుంది. ఇన్నేళ్ళ ఇల్లు."

"పోనీ," అన్నాను. "నేను అందులో లేను."

ఎక్స్‌రే యంత్రం దీపం కాంతిని ఆయన ముఖం మీదకి సరిచేశాను.

"గడ్డం పైకెత్తండి. కదలకండి."