అనుమతి లేని నడక

బుజ్జికి జుట్టు నెరిసి చాలా కాలమైంది గాని, వదిన నోట ఆ పేరు మాత్రం నెరవలేదు. ఆమె ఆ ఇంటికి కొత్త కోడలిగా వచ్చేనాటికి అతనికి చొక్కా గుండీలు పెట్టుకోవడం రాదు. తల్లి లేని ఆ మరిదికి అన్నం కలిపి పెట్టిందీ, అక్షరాలు దిద్దించిందీ ఆమే. తర్వాత ఆమె విశ్వవిద్యాలయంలో భూగోళశాస్త్రం బోధించి పదవీ విరమణ చేసింది. అతను రకరకాల ఉద్యోగాలు మారి, చివరికి బజారు వెనక సందు మొగన కాపలాదారుగా కుదురుకున్నాడు. ఆ ఉదయం సందుకు అడ్డంగా ఇనుప గొలుసు కట్టి ఉంది. గొలుసుకు అటు అతను, ఇటు ఆమె.

ఆ గొలుసు ఉన్నట్టుండి వచ్చిపడింది కాదు. దాని పుట్టుపూర్వోత్తరాలు ఆమెకు కంఠతా వచ్చు. మొదట పురపాలక సంఘం పొదుపు పేరుతో వీధులు ఊడ్చేవాళ్ళను తగ్గించింది. ఊడ్చేవాళ్ళు తగ్గారు కనుక చెత్త పేరుకుంది. చెత్త పేరుకుంది కనుక సందును శుభ్రంగా ఉంచే బాధ్యతను ఒక కంపెనీకి అప్పగించారు. శుభ్రం చేసేవాడికి దీపాల మీదా బెంచీల మీదా పెత్తనం వచ్చింది. ముసలివాళ్ళు నడుం వాల్చకుండా బెంచీల మధ్య ఇనుప కమ్మీలు మొలిచాయి; కొన్నాళ్ళకు బెంచీలే మాయమయ్యాయి. ఇప్పుడు కంపెనీ సందే తనదంటోంది. సందులో కొట్లున్న మంగలినీ దర్జీ ఆవిడనూ ఖాళీ చేయించి, పైకప్పు వేసి, అద్దాల దుకాణాలు పెడుతుందట.

ఆ ఊళ్ళో దారుల గురించి పాత నిబంధన ఒకటుంది. తన అనుమతి లేకుండా ఎవరూ అడుగు పెట్టకుండా ఒక పగలంతా దారిని మూసి చూపించగలిగినవాడిదే ఆ దారి. ఒక్కరు అడుగు పెట్టినా అది జనానిది. ఆ పగలు ఇదే. మంగలికీ దర్జీ ఆవిడకీ కంపెనీ ముందే పాసులు ఇచ్చేసింది; వాళ్ళు ఎంత తిరిగినా అనుమతి మీద తిరిగినట్టే.

వదిన ఇల్లిల్లూ తిరిగి ఈ సంగతి చెప్పింది. అందరూ వస్తామన్నారు. ఒక్కరూ రాలేదు. పక్కవీధి మీదుగా చుట్టూ తిరిగి పనులకు పోతున్నారు. ఆ చుట్టు పెద్దదేమీ కాదు. ప్రమాదమంతా అక్కడే ఉందని ఆమెకు తెలుసు: చిన్న చుట్టుకు అలవాటు పడ్డ కాళ్ళు పాత దారిని తొందరగా మరిచిపోతాయి.

"పొద్దున్నే ఇటొచ్చావేంటి వదినా? మోకాళ్ళకు నూనె రాసుకున్నావా?"

"మాట మార్చకురా. ఎందుకొచ్చానో నీకు తెలుసు."

"తెలుసు. అందుకే రాత్రి కన్ను మూతపడలేదు."

లోపల అద్దం తుడుస్తున్న మంగలి ఊరుకోలేదు. "ఏమయ్యా బుజ్జీ, నిన్ను పెంచిన ఆవిడకి కూడా గొలుసేనా? కాస్త సిగ్గుండాలి!"

"నీ కత్తి నువ్వు నూరుకోవయ్యా! మధ్యలో నీకెందుకు?" అని కసిరాడు గాని, బుజ్జి చెవులు ఎర్రబడ్డాయి. చటుక్కున గొలుసు కొక్కెం ఊడదీశాడు. "పోతే పోయిందిలే వెధవ ఉద్యోగం. రా వదినా, లోపలికి రా."

ముందు వెనుకలు చూసుకోని ఆ మంచితనం చిన్నప్పటి నుంచీ అంతే. ముద్దొచ్చింది, కోపమూ వచ్చింది.

"కట్టెయ్ దాన్ని."

"అదేంటి?"

"నువ్వు కంపెనీ మనిషివి. నువ్వు రమ్మంటే అది అనుమతి. నీ ఉద్యోగమూ పోతుంది, నా అడుగూ లెక్కలోకి రాదు."

బుజ్జి నోరు తెరిచాడు. "ఉద్యోగం వదులుకుంటానన్నా పనికిరానా? మరేం చెయ్యమంటావ్?"

"వద్దను."

"నిన్నా? నీకెప్పుడైనా వద్దని చెప్పానా నేను?"

"కూరలో ఉప్పు మరిచిపోయినా చెప్పలేదు. అదే నీతో వచ్చిన చిక్కు. ఇవాళ చెప్పు. ఆ స్తంభం మీది కెమెరాకు వినబడేలా చెప్పు. నీ పని నువ్వు చేశావని వాళ్ళ దగ్గరే సాక్ష్యం ఉంటుంది."

బుజ్జి గొలుసు కట్టేశాడు. ఆమె చేతికర్ర గోడకు ఆనించింది. స్థలం ఎవరిదన్నది పటం మీది గీతలు తేల్చవనీ, అక్కడ రోజూ తిరిగే కాళ్ళే తేలుస్తాయనీ ఆమె తరగతి గదిలో ఏళ్ళ తరబడి చెప్పింది. ఆ కాళ్ళలో తన మోకాళ్ళు కూడా ఉంటాయని మాత్రం ఏనాడూ అనుకోలేదు. దాటుదామంటే గొలుసు నడుమెత్తున ఉంది. ఒక చేత్తో చీర కుచ్చిళ్ళు పట్టుకుని వంగింది. మోకాళ్ళు కలుక్కుమన్నాయి. బుజ్జి చెయ్యి దానంతటదే గొలుసు పైకెత్తడానికి వచ్చింది.

"ముట్టుకోకు!"

అతను రెండు చేతులూ వెనక్కి కట్టుకుని గట్టిగా కళ్ళు మూసుకున్నాడు. "ఆగు వదినా! ఇది కంపెనీ స్థలం! లోపలికి రాకూడదు!"

ఆమె గొలుసు కిందుగా దూరి, అటువైపు నిటారుగా నిలబడింది. కెమెరా చూసింది. మంగలి తుడిచే గుడ్డతో సహా గుమ్మంలోకి వచ్చాడు. నిబంధన అంతటితో తీరిపోయింది. అయినా ఆమె ఆగలేదు. రోజూ కూరగాయలకు వెళ్ళినంత తాపీగా సందులోకి నడిచింది.

"వెళ్ళొద్దంటున్నానా!" అని వెనక నుంచి ఒక కేక. ఆ వెంటనే, కెమెరాకు అందనంత మెల్లగా, "దర్జీ కొట్టు ముందు తడిగా ఉంది వదినా, గోడ పట్టుకుని నడు" అన్న మాట.

ఆమె వినబడనట్టే నటించింది. గోడ మాత్రం పట్టుకుంది.