చివరి పడవ తేలేదాకా

పడవలోకి రంపం దిగుతుంటే మూటలు మోసే కూలీలం మేము రేవు గోడ మీద కూర్చుని మధ్యాహ్నం తిండి తింటున్నాం. ముందు ఈ సిగ్గుమాలిన సంగతి చెప్పి తర్వాత మిగతాది చెబుతాను. కాలేజీ నుంచి జెండాలూ పుస్తకాలూ పట్టుకొచ్చిన మీరు మమ్మల్ని వీరులనుకుంటున్నారు. ఆ రోజు నమిలే నోరు ఆపినవాడు మాలో ఒక్కడూ లేడు.

రేవుకు ఆనుకుని చిన్న వంపు ఉంది. అక్కడ ఇసుక మెత్తగా ఉంటుంది. పడవలవాళ్ళు ఏడాదికి రెండుసార్లు అక్కడికి వస్తారు. వాళ్ళకు ఊరూ లేదు, వాకిలీ లేదు. పడవలోనే పుడతారు, వండుకుంటారు, పోట్లాడుకుంటారు, అందులోనే పోతారు. పున్నమి నాటి పెద్దపోటు మీద పద్నాలుగు పడవలనూ ఇసుక మీదికి ఎక్కించి ఒక పక్కకు ఒరగేస్తారు. అడుగున పట్టిన గుల్లలు గీకి, ఎండుటాకులతో పొగ పట్టించి, చెక్కల సందుల్లో నారా గుగ్గిలమూ దట్టిస్తారు. మళ్ళీ అమావాస్య పోటు వస్తేగాని ఆ పడవలు వాటంతటవి తేలవు. ఆ పదిహేను రోజులూ వాళ్ళు మనలాగే నేల మీది మనుషులు, అంటే సర్కారు చేతికి చిక్కే మనుషులు.

ఈ సంగతి ఎవరో రేవు ఆఫీసరు చెవిన వేశారు. ఆ మహానుభావుడు బూట్లలోకి ఇసుక పోకుండా కాళ్ళకు ప్లాస్టిక్ సంచులు కట్టుకుని దిగాడు. వెనక ఇద్దరు పోలీసులు, రంపం పట్టుకున్న ఒక వడ్రంగి.

"నీళ్ళ మీద ఉంటే అది పడవ. నేల మీద ఉంటే అక్రమ కట్టడం," అని కాగితం చూసి చదివాడు. "ఏడు రోజుల్లో మీకిచ్చిన గదుల్లోకి మారిపోవాలి. ఎనిమిదో రోజు వీటిని విరగ్గొట్టిస్తాం."

గదులంటే గోదాముల వెనక వేసిన రేకుల వరస. కిటికీ తెరిస్తే ఎదురుగా ఇంకో గోడ. సముద్రం మీద పుట్టినవాళ్ళకు సర్కారు దయతలచి ఇచ్చిన కానుక అది. ఆ వంపును పూడ్చి రేవు పెంచే పని ఒక కాంట్రాక్టరుకు దక్కిందన్న ముక్క మాత్రం కాగితంలో లేదు.

మాట మీద నమ్మకం కుదరాలని ఆఫీసరు ఒక పడవను అక్కడికక్కడే కోయించాడు. అది వాళ్ళందరిలోకీ పెద్దదైన అవ్వ పడవ. అవ్వ ఏడవలేదు, శాపనార్థాలు పెట్టలేదు. రంపం ఆగాక కోతలో వేలు పెట్టి చూసి వడ్రంగితో, "వంకరగా కోశావు నాయనా. పని రాకపోతే అడగొద్దూ?" అంది.

మేము గోడ మీద పగలబడి నవ్వాం. నవ్వింది ఆఫీసరును చూసి కాదు, ముసలిదానికి మతి చెడిందని. ఎద్దు పుండు కాకికి ముద్దా అంటారే, ఆ కాకులం మేమే.

రేవులో నన్ను నలభై అంటారు. అది నా వయసు కాదు. నిరుడు క్రేను గొలుసు తెగి ఒకడి కాలు పోతే, కొత్త గొలుసులు వేసేదాకా మూట ఎత్తమని కూలీలందరం పని ఆపేశాం. ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని ఒట్టు పెట్టుకున్నాం. తొమ్మిదో రోజు మేనేజరు గేటు ఓరగా తీయించి, "నలభై మందికే పని. ముందొచ్చినవాళ్ళకే," అన్నాడు. అంతే, ఒట్టు గట్టున పెట్టి పరిగెత్తాం. నేను నలభయ్యోవాణ్ణి. నా వెనక మా బావమరిది ఉన్నాడు. వాడి చెయ్యి నా భుజం మీద పడింది. నన్ను ఆపడానికి వేశాడో, నాతోపాటు రావడానికి వేశాడో నేనడగలేదు. విదిలించుకుని లోపలికి పోయాను. గేటు వాడి ముఖం మీద పడింది.

వాడు ఏడాదిగా మా గుమ్మం తొక్కలేదు. సాయంత్రం మూటలు మోసి వచ్చిన నా భుజానికి నూనె రాస్తూ మా ఆవిడ అడిగేది, "మా తమ్ముడి చెయ్యి దులిపేసింది ఈ భుజమేనా, ఆ భుజమా?" అని. రోజూ అడిగేది. గొలుసు మాత్రం ఇప్పటికీ ఆ పాతదే.

ఎనిమిదో రోజు పడవలు విరగ్గొట్టే పని మాకే అప్పజెప్పారు. ఎంతమంది కావాలో చూసి రమ్మని మేస్త్రి మూడో రోజు నన్ను కొలత టేపు ఇచ్చి పంపాడు. నేను పోయేసరికి అవ్వ తన పడవ కోతలో నార దట్టిస్తోంది.

"కొలవడానికొచ్చావా? కూర్చో. ఈ నార కొస పట్టుకో," అంది.

పట్టుకున్నాను. అంతలో ఆఫీసరు మళ్ళీ దిగాడు, కాళ్ళకు అవే సంచులు. ఈసారి గొంతులో పంచదార కలుపుకుని వచ్చాడు.

"నేనూ మనిషినే. ఇక ఈ వంపుకు రామని వేలిముద్ర వేసిన ఐదు పడవల్ని క్రేనుతో నీళ్ళలోకి దింపిస్తా. ఐదంటే ఐదే. ముందొచ్చినవాళ్ళకే."

గేటు దగ్గర మా మేనేజరు అన్న మాటే అది. ఆఫీసర్లందరికీ ఒకే బడిలో చదువు చెబుతారు కాబోలు. నేను పడవలవాళ్ళ వంక చూశాను. ఇప్పుడు లేస్తారు, ఒకళ్ళనొకళ్ళు తోసుకుంటారు అనుకున్నాను. ఒక్కరూ లేవలేదు. ఒకామె గుల్లలు గీకుతూనే ఉంది. ఒకాయన పిల్లకు జడ వేస్తూనే ఉన్నాడు. ఆఫీసరు కాసేపు నిలబడి, ఈగలు తోలుకుని, వచ్చిన దారినే పోయాడు.

నాకు ఒళ్ళు మండింది.

"ఎంత తెలివితక్కువవాళ్ళే అవ్వా మీరు! ఐదన్నా దక్కేవి కదా!"

"ఐదూ పోతే తొమ్మిదింటిని తోసేదెవరు?"

"అంటే?"

"పడవ దింపాలంటే అందరి భుజాలూ కావాలి. మొదటి పడవ తేలగానే దాని మనుషులు ఎక్కి పోయారనుకో, రెండోదానికి భుజాలు తగ్గుతాయి. పదోదానికి నలుగురుంటారు. చివరిదాని దగ్గర నేనొక్కదాన్నే ఉంటా. అందుకని, చివరి పడవ తేలేదాకా మొదటి పడవ కదలదు. ఇందులో పెద్ద తెలివేం కావాలి? పాలు మరవని పిల్లకు కూడా తెలుసు." నార గట్టిగా లాగి మళ్ళీ అంది, "మీ రేవులో ఎట్లా చేస్తారు?"

ఆమె ఎత్తిపొడవలేదు. ఒక పనివాడు ఇంకో పనివాణ్ణి అడిగినట్టు అడిగింది. కొలత టేపు అక్కడే ఇసుకలో పారేసి వచ్చేశాను.

మర్నాడు యూనియన్ గదిలో మీటింగు పెట్టించాను. మా సెక్రటరీ మంచివాడే. జేబులో ఎర్ర పెన్ను, నోట్లో పెద్ద మాటలు, కాళ్ళలో వణుకు.

"వాళ్ళకు కార్డు లేదు, చిరునామా లేదు, ఓటు లేదు," అన్నాడు. "శ్రామికవర్గంలో వాళ్ళను ఎక్కడ లెక్కెయ్యాలో పై కమిటీని అడగాలి. అయినా, కందకు లేని దురద కత్తిపీటకెందుకు?"

"కందకు దురద లేదని నీకెవరు చెప్పారు? పోయి అడిగావా?" గోదాములో సంచులు కుట్టే అక్క లేచింది. "ఎనిమిదో రోజు గునపాలు పట్టేది మనమే. నీ పై కమిటీ వచ్చి పట్టదు."

"మనం కాకపోతే ఇంకొకళ్ళు పడతారు. మన పనే పోతుంది!" అన్నారెవరో.

"పోయిన పని ఎట్లా ఉంటుందో నన్నడగండి," అని గుమ్మంలోంచి గొంతు వినిపించింది. మా బావమరిది. ఏడాది తర్వాత ఆ గదిలో అడుగు పెట్టాడు. నన్ను చూసి పెదవి విరిచాడు. "మీటింగు పెట్టింది నలభయ్యా? ఏరు దాటి తెప్ప తగలేసినవాడివి. నీకెందుకు బావా పడవల సంగతి?"

గదంతా నవ్వింది. నా చెవులు మండిపోయాయి. అయినా నిలబడ్డాను.

"అవును, నీ చెయ్యి విదిలించాను. ఏడాదిగా ఆ చెయ్యి నా భుజం మీదే ఉంది. మనం ఓడిపోయింది మేనేజరు గట్టివాడై కాదు. మొదటి పడవ తేలగానే మేం ఎక్కి పోయాం, అందుకు ఓడిపోయాం. చదువూ కార్డూ లేని ముసలిది నార దట్టుకుంటూ ఆ సంగతి నాకు చెప్పింది. మన సెక్రటరీ ఇరవై ఏళ్ళ ఉపన్యాసాల్లో చెప్పలేకపోయాడు. ఎనిమిదో రోజు రాకముందే పద్నాలుగు పడవల్నీ మన భుజాల మీద నీళ్ళలోకి దింపుదాం."

నవ్వు ఆగింది. సెక్రటరీ పెన్ను మూత తీసి, మళ్ళీ పెట్టాడు. బావమరిది నా పక్కకు వచ్చి ఒకటే అడిగాడు, "ఏ పడవ ముందు ఎత్తాలి?"

ఆరో రోజు పొద్దున్నే నూటఇరవై మందిమి వంపులో దిగాం. భుజాలకు గోనె పట్టాలు, కింద దొర్లించడానికి ఇనుప గొట్టాలు. పోటు లేదు, నీళ్ళు చాలా దూరంలో ఉన్నాయి. పోటు రాకపోతే పడవలే నీళ్ళ దగ్గరికి పోతాయి అనుకున్నాం. రేవు కూలీలమన్న పొగరుతో మొదటి పడవను మేమే ఒక్క ఊపున లేపబోయాం. అది ఒక పక్కకు ఒరిగింది, లోపల సామానంతా దొర్లింది.

"బస్తా కాదురా అది, ఇల్లు!" అని అరిచింది అవ్వ. "లోపల నా కోడలి గిన్నెలున్నాయి!"

తర్వాత వాళ్ళు చెప్పినట్టు ఎత్తాం. ఒక పక్కన వాళ్ళు, ఒక పక్కన మేము. మాకు వాళ్ళ పేర్లు తెలియవు, వాళ్ళకు మావి తెలియవు. "ఊఁ" అంటే అందరి కాళ్ళూ ఒకేసారి లేచేవి. సంచులు కుట్టే అక్క వెనక గొట్టాలు తీసి ముందు వేస్తూ పరిగెత్తింది. సూర్యుడు నెత్తి మీదికి రాకముందే పదమూడు పడవలు నీళ్ళలో ఊగుతున్నాయి. ఇసుక మీద మిగిలింది ఒక్కటే, అవ్వ పడవ.

అప్పుడు రోడ్డు మీద పోలీసు బండ్ల దుమ్ము లేచింది. దుమ్ము కన్నా ముందు మా సెక్రటరీ స్కూటరు మీద వచ్చి గట్టు మీంచి చేతులూపాడు. "పొండి! తేలినవాళ్ళు పొండి! తెరచాప ఎత్తండి!" మా బావమరిది కూడా అరిచాడు. నిజం చెబుతున్నా, నేనూ అరిచాను. ఏడాది పాఠం ఒక్క బండి కూతకు మరిచిపోయాను. కుక్కతోక వంకర ఊరికే పోతుందా?

వాళ్ళు పోలేదు. పదమూడు పడవల్లోంచీ నీళ్ళలోకి దూకి, వెనక్కి నడిచివచ్చి పద్నాలుగో పడవకు భుజాలు పెట్టారు. మేము కూడా పెట్టాం. వీపుల మీద లాఠీలు పడుతూనే ఉన్నాయి. పడవ ఇసుక దాటింది, నీళ్ళు తాకింది. దట్టించిన నార ఊడి లోపలికి నీళ్ళు ఎక్కసాగాయి. వెంటనే రెండు పడవలు చెరో పక్కా వచ్చి దాన్ని తాళ్ళతో తమకు కట్టుకున్నాయి. అది మునగలేదు.

చివరిదాకా తోసిన అవ్వ మోకాలి లోతు నీళ్ళలో ఉండిపోయింది. ఆఫీసరు పరిగెత్తుకుంటూ వచ్చాడు. కాళ్ళకు కట్టుకున్న సంచుల నిండా నీళ్ళు.

"ఎవడు మీ నాయకుడు? ముందున్నదెవడు?"

"ముందు ఎవరూ లేరు నాయనా," అంది అవ్వ. "చివర ఉన్నది నేనే."

ఆమెను బండెక్కించారు. మా వాళ్ళను ఐదుగురిని ఎక్కించారు. వాళ్ళలో మా బావమరిది ఉన్నాడు. పెదవి చిట్లి నెత్తురు కారుతోంది. బండి కదులుతుంటే నా వంక చూశాడు.

మర్నాటి నుంచి రేవులో మూట కదల్లేదు. ఆ ఆరుగురూ బయటికి రావాలి, వంపును పూడ్చకూడదు, క్రేను గొలుసు మార్చాలి, అప్పటిదాకా మూట ఎత్తం. ఇవాళ నాలుగో రోజు. మీరు రాకముందు, పొద్దున్నే మేనేజరు గేటు తీయించాడు. ఈసారి ఓరగా కాదు, బార్లా. మేస్త్రి చేతికి కాగితమిచ్చి నలభై పేర్లు చదివించాడు. వాళ్ళకు తెలిసిన లెక్క అదొక్కటే.

మొదటి పేరు నాదే.

"రారా నలభై!" మేస్త్రి పళ్ళికిలించాడు. "ఈసారి నువ్వే ఒకటో నంబరు. రాతంటే నీది."

నా కాళ్ళ గురించి నాకు తెలుసు. అవి ఒకసారి పరిగెత్తిన కాళ్ళు. అందుకే వాటిని చూస్తూ నిలబడ్డాను. వెనక నుంచి ఒక చెయ్యి నా భుజం మీద పడింది. నూనె వాసన వేసింది. తిరిగి చూడకుండానే మా ఆవిడ చెయ్యని తెలిసింది. అది అక్కడే ఉండిపోయింది.

"చివరి పడవ ఇంకా తేలలేదు మేస్త్రీ," అన్నాను.

వాడికి అర్థం కాలేదు. రెండో పేరు చదివాడు. ఆ రెండోవాడూ అదే అన్నాడు. పదోవాడూ అదే అన్నాడు. మేస్త్రి మిగతా పేర్లు చదవకుండా కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు.

గోడ ఎక్కితే మీకు వంపు కనిపిస్తుంది. పద్నాలుగు పడవలూ ఇంకా అక్కడే ఉన్నాయి. సముద్రమంతా వాళ్ళదే, ఎటైనా పోవచ్చు. అవ్వ వచ్చేదాకా కదలరు. పోలీసులు పొద్దుటి నుంచి రెండుసార్లు మరపడవ వేసుకుపోయి బెదిరించి వచ్చారు. పడవలవాళ్ళు పిల్లలకు జడలు వేస్తూనే ఉన్నారట.

ఆ పుస్తకాలు పక్కన పెట్టి ఇలా వచ్చి నిలబడండి, చోటుంది. గేటు పొద్దున్నుంచీ తెరిచే ఉంది. ఇంతవరకూ ఎవరూ లోపలికి పోలేదు.